రెండు రూపాయల వడ్డీకీ యాభై ఎనిమిది పైసలకీ మధ్య

బరంపురం, పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, జయపురం... ఒడిశా సరిహద్దు జిల్లాల్లో తెలుగు వినిపించే ఊళ్లలో వడ్డీ లెక్క ఇప్పటికీ నూటికి నెలకు ఎంత అనే. రూపాయి వడ్డీకి ఇచ్చాం అంటారు, రెండు రూపాయలకు తెచ్చాం అంటారు. బ్యాంకులో బోర్డు మీద మాత్రం ఏడాది శాతాలుంటాయి. ఆ శాతాన్ని ఇంటి లెక్కలోకి మార్చి చూస్తే, ఏడాదికి 7 శాతం ఇచ్చే ఫిక్స్‌డ్ డిపాజిట్టు నూటికి నెలకు 58 పైసలు. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం. ఈ రెండూ పక్కపక్కన పెట్టుకున్న మనిషికి బ్యాంకు మీద మనసు పోకపోవడం సహజమే.

కానీ ఆ రూపాయి 42 పైసల తేడా ఎందుకొస్తోందో కాగితం మీద వేసి చూడాలి. డెబ్బై వేల రూపాయలున్నాయి. ఏడుగురికి తలా పదివేలు, రెండు రూపాయల వడ్డీకి ఏడాది గడువు మీద ఇచ్చారు. ఆరుగురు అసలూ వడ్డీ కలిపి తలా 12,400 తెచ్చిచ్చారు. ఒకరు ఎగ్గొట్టారు. చేతికొచ్చింది 74,400. అదే డెబ్బై వేలు 7 శాతానికి బ్యాంకులో ఉంటే 74,900 అయ్యేది. ఏడుగురిలో ఒక్కరు చెయ్యిచ్చినా రెండు రూపాయల వడ్డీ 58 పైసల కిందికి దిగిపోయింది. ఇద్దరు ఎగ్గొడితే వచ్చేది 62,000, అంటే అసలుకే ఎనిమిది వేలు ఎసరు. తిరిగిన తిరుగుళ్లు, పాడైన చుట్టరికాలు ఈ లెక్కలో లేవు. ప్రాంసరీ నోటు రాయించుకున్నా, రాసిన తేదీ నుంచి మూడేళ్లలో చెల్లు వేయించుకోకపోతే, తిరగరాయించుకోకపోతే కోర్టులో దావా నిలవదు. పైగా వడ్డీ వ్యాపారం చేయాలంటే ఒడిశాలో 1939 నాటి చట్టం కింద రిజిస్ట్రేషన్ ఉండాలి. అది లేనివాళ్లకు కోర్టు దారి మరీ ఇరుకు.

స్థిరాదాయం అని లెక్కల్లో రాసే ప్రతిదీ, అది పోస్టాఫీసు పాసుబుక్కైనా, ప్రభుత్వ బాండైనా, కంపెనీ డిబెంచరైనా, ఫలానా తేదీకి ఫలానా సొమ్ము ఇస్తామని ఒకరు ఇచ్చే మాటే. ఆ మాట ఎవరిది, ఎన్నాళ్లకు, ఏ దేశపు డబ్బులో అన్నవి తెలిశాకే వడ్డీ అంకె చూడాలి. ఈ జిల్లాల్లో పోయిన సొమ్ములో ఎక్కువ భాగం అంకెను ముందు చూసినందువల్ల పోయిందే.

2013లో పశ్చిమ బెంగాల్‌లో జనం దగ్గర డిపాజిట్లు వసూలు చేసిన శారదా సంస్థ కూలినప్పుడు ఒడిశాలోనూ సీషోర్, అర్థతత్వ వంటి సంస్థల గుట్టు బయటపడింది. రాష్ట్ర ప్రభుత్వం వేసిన విచారణ కమిషన్‌కు జస్టిస్ ఎం.ఎం. దాస్ అధ్యక్షత వహించారు. 2014 మేలో సుప్రీంకోర్టు దర్యాప్తును సీబీఐకి అప్పగించింది. ఆంధ్ర వైపు నుంచి అగ్రిగోల్డ్ దెబ్బ ఒడిశా డిపాజిటర్లకూ తగిలింది. వీటిలో సొమ్ము కట్టినవాళ్లు దురాశాపరులన్న మాట అన్యాయం. ఏజెంటు తెలిసినవాడు, ఇంటి భాషలో మాట్లాడతాడు, గడప దాకా వచ్చి వందా రెండొందలూ వసూలు చేసుకుంటాడు. బ్యాంకులో ఫారమేమో ఒడియాలోనో ఇంగ్లిషులోనో ఉంటుంది. నమ్మకం ఎటు మొగ్గుతుందో వేరే చెప్పాలా? కాకపోతే ఆ నమ్మకం ఏజెంటు మీద, సొమ్ము బాకీపడింది మాత్రం ఎక్కడో ఉన్న కంపెనీ. 2019లో వచ్చిన కేంద్ర చట్టం ప్రకారం నియంత్రణ సంస్థల అనుమతి లేని డిపాజిట్లు సేకరించడమే నేరం. ఒక సంస్థకు డిపాజిట్లు తీసుకునే హక్కుందో లేదో రిజర్వు బ్యాంకు నడిపే సచేత్ పోర్టల్‌లో చూసుకోవచ్చు, ఫిర్యాదూ చేయవచ్చు.

బ్యాంకు మాటకు ఉన్న విలువ కూడా ఊరికే వచ్చింది కాదు. బరంపురంలో పుట్టిన వి.వి. గిరి, తాత్కాలిక రాష్ట్రపతి హోదాలో 1969 జూలై 19న 14 బ్యాంకుల జాతీయకరణ ఆర్డినెన్సు మీద సంతకం పెట్టారు. చిన్న ఊళ్లకు శాఖలు రావడం ఆ తర్వాతే ఊపందుకుంది. బ్యాంకు మూతపడితే డిపాజిటరుకు అందే బీమా పరిమితి 2020 ఫిబ్రవరి 4 నుంచి ఐదు లక్షలు. ఇది ఒక మనిషికి ఒక బ్యాంకులో, అసలూ వడ్డీ కలిపి లెక్క. బరంపురం శాఖలో మూడు, ఛత్రపురం శాఖలో మూడు లక్షలు వేసినా బ్యాంకు ఒకటే అయితే ఐదు దాటినదానికి బీమా లేదు. చిన్న సహకార అర్బన్ బ్యాంకులో అర శాతం ఎక్కువ వస్తోందని వేసేవాళ్లు వడ్డీకి చోటు వదిలి నాలుగు నాలుగున్నర లక్షల దగ్గర ఆగడం మేలు. బ్యాంకులు కలిసిపోవడమూ గమనించాలి. ఆంధ్రా బ్యాంకు 2020 ఏప్రిల్ 1న యూనియన్ బ్యాంకులో కలిసింది. ఒడిశాలోని రెండు గ్రామీణ బ్యాంకులు 2025 మే 1న ఒకటయ్యాయి. రెండుచోట్ల వేసిన సొమ్ము ఒకే బ్యాంకు ఖాతాలోకి చేరితే పరిమితి లెక్క మళ్లీ చూసుకోవాలి. ఊళ్లోని ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘంలో దాచిన సొమ్ముకు ఈ బీమా అసలే వర్తించదు. ఫైనాన్స్ కంపెనీల డిపాజిట్లకూ అంతే.

పోస్టాఫీసు సొమ్ముకు కేంద్ర ప్రభుత్వమే పూచీ. బీమా పరిమితి గొడవ అక్కడ లేదు. 2025లో సీనియర్ సిటిజన్ పథకం మీద 8.2 శాతం, అయిదేళ్ల జాతీయ పొదుపు పత్రం (ఎన్ఎస్‌సీ) మీద 7.7, నెలసరి ఆదాయ పథకం మీద 7.4, పీపీఎఫ్ మీద 7.1 శాతం ఇచ్చారు. ఆ రేట్ల లెక్కన రిటైరైన ఉద్యోగి ఇరవై లక్షలు సీనియర్ సిటిజన్ పథకంలో వేస్తే మూడు నెలలకోసారి 41,000 వస్తుంది. ఈ పథకంలో గరిష్ఠంగా 30 లక్షల దాకా వేయవచ్చు. నెలసరి పథకంలో ఒకరి పేరు మీద తొమ్మిది లక్షలే పరిమితి. అవి నెలకు 5,550 ఇస్తాయి. సీనియర్ సిటిజన్ పథకంలోనైతే నూటికి నెలకు 68 పైసల వడ్డీ, దేశమే పూచీ, వసూలుకు ఎవరి గుమ్మం తొక్కనక్కర్లేదు. అరవై దాటిన వాళ్లకు దీనికన్నా ముందు చూడాల్సిన పథకం మరొకటి లేదు. ఒక తేడా మాత్రం చాలామంది గమనించరు. ప్రభుత్వం మూడు నెలలకోసారి రేట్లు సవరిస్తుంది. సీనియర్ సిటిజన్ పథకం, ఎన్ఎస్‌సీలలో వేసిన రోజు ఉన్న రేటే గడువు తీరేదాకా ఉంటుంది. పీపీఎఫ్, సుకన్య సమృద్ధి ఖాతాల్లో మాత్రం రేటు మారితే పాత నిల్వకూ కొత్త రేటే.

ఇక రెండో ప్రశ్న, ఎన్నాళ్లకు అన్నది. 2025 మొదట్లో 6.50 శాతం ఉన్న రెపో రేటును, అంటే బ్యాంకులకు తాను అప్పిచ్చే వడ్డీని, రిజర్వు బ్యాంకు జూన్ నాటికి 5.50కి దించింది. ఏడాది డిపాజిట్లు వేసుకుంటూ పోయినవాళ్లకు తిరగవేసే రోజున ఆ సెగ తగిలింది. అప్పటికే అయిదేళ్లకు కట్టేసినవాళ్లు నిశ్చింతగా ఉన్నారు. 2022లో కథ అడ్డం తిరిగి ఉంది. ఆ ఏడాది మొదట్లో పెద్ద బ్యాంకులు 5 నుంచి 5.5 శాతం ఇస్తుంటే చిల్లర ధరల పెరుగుదల అక్టోబరు దాకా నెలనెలా 6 శాతం పైనే నడిచింది. అప్పుడు ఎక్కువ కాలానికి కట్టినవాళ్లు వడ్డీ తీసుకుంటూనే నష్టపోయారు. ముందు ఏం జరుగుతుందో తెలిసినవాళ్లు లేరు కాబట్టి, ఉన్న సొమ్మును ఏడాది, రెండేళ్లు, మూడేళ్లు, నాలుగేళ్లు, అయిదేళ్ల గడువులకు పంచి వేయడం చాలా ఇళ్లకు సరిపోయే పద్ధతి. ఏటా ఒక భాగం చేతికొస్తుంది, దాన్ని అప్పటి రేటుకు మళ్లీ వేయవచ్చు. రిజర్వు బ్యాంకు ఫ్లోటింగ్ రేటు బాండ్లు ఈ పనిని తామే చేస్తాయి. వాటి వడ్డీ ఎన్ఎస్‌సీ రేటుకు 0.35 శాతం ఎక్కువగా ఆరు నెలలకోసారి మారుతుంది. అయితే అరవై దాటినవాళ్లకు తప్ప సొమ్ము ఏడేళ్లు కదలదు, అమ్ముకోవడానికి వీల్లేదు.

ప్రభుత్వ బాండ్లను మామూలు మనుషులు నేరుగా కొనే వీలు 2021 నవంబరు 12న రిజర్వు బ్యాంకు రిటైల్ డైరెక్ట్ పోర్టల్‌తో వచ్చింది. పదివేల నుంచి కొనవచ్చు, ఖాతాకు రుసుం లేదు. ఇక్కడొక విషయం కొత్తవాళ్లను కంగారు పెడుతుంది. ఏటా 7 రూపాయలు ఇచ్చే పదేళ్ల బాండు నూరు రూపాయలకు కొన్నారనుకుందాం. మర్నాడే మార్కెట్ రేటు 6 శాతానికి దిగితే ఆ బాండు ధర సుమారు 107 అవుతుంది, ఎందుకంటే కొత్తగా వచ్చేవి ఏటా ఆరే ఇస్తాయి, పాతది ఏడిస్తోంది. రేటు 8 శాతానికి ఎక్కితే ధర సుమారు 93కి పడుతుంది. ఈ రెండు సందర్భాల్లోనూ పదేళ్లు ఆగేవాళ్లకు వచ్చే సొమ్ము ఒకటే, ఏటా ఏడు, చివర నూరు. మధ్యలో అమ్మాల్సి వచ్చినవాళ్లకే ఆ 93 బాధ. పెళ్లి మూడేళ్లలో ఉందని తెలిసి పదేళ్ల బాండు కొనకూడదన్నది ఇందుకే. మదుపరుల సొమ్ముతో ఇలాంటి బాండ్లు కొనే డెట్ మ్యూచువల్ ఫండ్ల విలువ రోజూ మారేదీ ఇందువల్లే. దానికి తోడు ఫండ్ ఎవరికి అప్పిచ్చిందన్నది వేరే ప్రశ్న. 2020 ఏప్రిల్ 23న ఫ్రాంక్లిన్ టెంపుల్టన్ ఆరు డెట్ పథకాలు మూసేసింది. సొమ్ము ఆఖరికి వెనక్కి వచ్చింది, కానీ అవసరానికి తీసుకుందామని దాచుకున్నవాళ్లు నెలల తరబడి చూడాల్సి వచ్చింది. 2023 ఏప్రిల్ 1 తర్వాత కొన్న ఈ ఫండ్లకు పాత పన్ను రాయితీ కూడా లేదు.

పన్ను సంగతి క్లుప్తంగా చాలు. డిపాజిట్టు వడ్డీ ఆదాయంలో కలుస్తుంది. కొత్త విధానంలో 12 లక్షల దాకా ఆదాయం ఉన్నవాళ్లకు రిబేటు ఉండటంతో ఈ జిల్లాల్లో చాలా కుటుంబాలకు కట్టాల్సిందేమీ ఉండదు. అయినా వడ్డీ ఒక బ్యాంకులో ఏడాదికి 50,000 దాటితే, సీనియర్ సిటిజన్లకు లక్ష దాటితే, బ్యాంకే ముందుగా పన్ను (టీడీఎస్) కోస్తుంది. పన్ను పడని ఆదాయం ఉన్నవాళ్లు ఏడాది మొదట్లోనే ఆ మేరకు డిక్లరేషన్ ఇస్తే ఆ కోత తప్పుతుంది. పాన్ ఇవ్వకపోతే కోత రెట్టింపు.

మూడో ప్రశ్న ఏ దేశపు డబ్బులో అన్నది. గంజాం నుంచి, ఇచ్ఛాపురం, సోంపేట వైపు నుంచి గల్ఫ్‌కు వెళ్లినవాళ్లున్న ఇళ్లలో ఇది రోజూ ఉండే ప్రశ్న. యూఏఈ దిర్హం 1997 నుంచి డాలరుకు 3.6725 దగ్గర కట్టి ఉంది. సౌదీ రియాల్ 1986 నుంచి 3.75 దగ్గర. కాబట్టి దుబాయిలో జీతం తీసుకుంటున్న మనిషి, తెలిసినా తెలియకపోయినా, డాలర్లలో జీతం తీసుకుంటున్నట్టే. డాలరు 68 రూపాయలున్న 2013 ఆగస్టు చివర్లో వెయ్యి దిర్హాలు పంపితే ఇంటికి సుమారు 18,500 వచ్చేది. 2025 డిసెంబరులో డాలరు 90 దాటినప్పుడు అదే వెయ్యికి 24,500. జీతం పెరగకపోయినా ఇంటికి చేరేది పెరిగింది. దిగుమతయ్యే వంటనూనె, పెట్రోలు రూపంలో అందులో కొంత తిరిగి పోతుంది కూడా. స్వాతంత్ర్యం వచ్చిన రోజు రూపాయీ డాలరూ సమానమన్న ప్రచారం ఫోన్లలో తిరుగుతుంటుంది. అది నిజం కాదు. 1947లో రూపాయి పౌండుకు కట్టి ఉండేది, ఆ లెక్కన డాలరు 3 రూపాయల 30 పైసల దగ్గర ఉండేది.

విదేశంలో ఉన్నవాళ్లకు బ్యాంకులు చూపే ఖాతాల్లో ఎన్ఆర్ఈ డిపాజిట్టు రూపాయల్లో ఉంటుంది. వడ్డీకి ఇక్కడ పన్ను లేదు, సొమ్ము తిరిగి విదేశానికి పట్టుకెళ్లవచ్చు, కానీ రూపాయి పడితే ఆ నష్టం డిపాజిటరుదే. ఎఫ్‌సీఎన్ఆర్ డిపాజిట్టు డాలరు వంటి విదేశీ డబ్బులోనే ఒకటి నుంచి అయిదేళ్లు ఉంటుంది, రూపాయి పతనం దాన్ని తాకదు. ఏది మంచిదన్న వాదన చాలాసార్లు వడ్డీ రేట్ల దగ్గరే తిరుగుతుంది. అసలు చూడాల్సింది ఆ సొమ్ము ఖర్చయ్యేది ఎక్కడ అని. మూడేళ్లకు తిరిగొచ్చి బరంపురంలో ఇల్లు కట్టాలనుకుంటే సిమెంటూ కూలీ రూపాయల్లోనే, ఎన్ఆర్ఈ చాలు. కూతుర్ని అమెరికాలో చదివించాలనుకుంటే ఫీజు డాలర్లలో, సొమ్మూ డాలర్లలో ఉండటమే క్షేమం. డబ్బు పంపేటప్పుడు ఫీజు లేదన్న ప్రకటన చూసి సంతోషించకుండా, వెయ్యి దిర్హాలకు ఇంటి ఖాతాలో పడే రూపాయలెన్నో రెండు మూడు చోట్ల అడిగి పోల్చుకోవాలి. ఫీజు మాఫీ చేసినచోట మారకం రేటులో కోత ఉండటం మామూలే.

కరెన్సీ ట్రేడింగ్ అంటూ ఫోన్లలో వచ్చే యాప్‌ల గురించి మాత్రం గట్టిగా చెప్పాలి. అనుమతి లేని వేదికల మీద ఫారెక్స్ ఆడటం దేశంలో నివసించేవాళ్లకు ఫెమా అనే విదేశీ మారక చట్టానికి విరుద్ధం. అలాంటి వేదికల పేర్లతో రిజర్వు బ్యాంకు 2022 సెప్టెంబరు నుంచి హెచ్చరిక జాబితా పెట్టింది. గుర్తింపు ఉన్న ఎక్స్ఛేంజీల్లో రూపాయి ఉన్న కరెన్సీ ఒప్పందాలకు సైతం 2024 మే 3 నుంచి దిగుమతో, ఎగుమతో, విదేశీ బాకీయో, అసలైన అవసరం ఉండాలి. అంటే ఉత్త అంచనా మీద ఆడే చోటు చిన్న మదుపరికి లేదు. షేర్ల రేపటి ధర మీద పందెం లాంటి ఫ్యూచర్స్, ఆప్షన్స్‌లో 2022 నుంచి 2024 దాకా మూడు ఆర్థిక సంవత్సరాల్లో వ్యక్తిగత ట్రేడర్లలో 93 శాతం మంది నష్టపోయారని షేర్ మార్కెట్ నియంత్రణ సంస్థ సెబీ అధ్యయనం తేల్చింది. బీటెక్ చదివిన పిల్లలు ఇంటి డిపాజిట్టు విరిచి అందులో పెడుతుంటే పెద్దలు అడ్డుపడటం న్యాయమే. పదేళ్లు ముట్టనక్కర్లేని సొమ్మును, మార్కెట్ సూచీలోని షేర్లన్నీ కొనే ఇండెక్స్ ఫండ్‌లో నెలనెలా వేయడం వేరే దారి, దానికి ఈ మాట వర్తించదు.

బంగారం గత కొన్నేళ్లలో పెరిగిన తీరు చూసి ఎప్పుడూ పెరిగేదే అనుకుంటాం. 2012లో పది గ్రాములు దాదాపు 31 వేలు, 2015లో 26 వేల చిల్లర, 2018లో మళ్లీ 31 వేలు. ఆరేళ్లు చిల్లిగవ్వ వడ్డీ లేకుండా సొమ్ము అక్కడే ఉంది. 2015లో గ్రాము 2,684కి ఇచ్చిన మొదటి సావరిన్ గోల్డ్ బాండ్లు, అంటే బంగారం ధరకు ముడిపెట్టిన ప్రభుత్వ బాండ్లు, 2023లో 6,132 తెచ్చాయి, పైన ఏటా వడ్డీ. కానీ 2024 ఫిబ్రవరి తర్వాత ప్రభుత్వం కొత్తవి జారీ చేయలేదు.

చీటీ సంగతి తెలుగువాళ్లకు విడమరచనక్కర్లేదు, కానీ చివరిదాకా ఆగి తీసుకునేవాళ్లకు గిట్టేదెంతో తక్కువమంది లెక్క వేస్తారు. ఇరవై మంది, నెలకు ఐదు వేలు, లక్ష చీటీ, ఐదు శాతం కమీషన్. పాటల మీద నెలకు సగటున 400 వెనక్కొస్తే కట్టింది 92,000, ఆఖరున చేతికొచ్చేది 95,000. ఏడాది లెక్కన నాలుగు శాతం. సగటు 600 వస్తే కట్టింది 88,000, లాభం ఏడాదికి పది శాతం దాకా. అంటే మిగతావాళ్ల అవసరం ఎంత తీవ్రంగా ఉంటే ఆగినవాళ్లకు అంత వస్తుంది, సరిగ్గా అలాంటి చీటీలోనే పాడుకున్నవాళ్లు కట్టలేక మానేసే ప్రమాదమూ ఎక్కువ. రిజిస్టరైన చీటీలో నిర్వాహకుడు రిజిస్ట్రారు దగ్గర పూచీ ఉంచాలి. ఇంటి చీటీలో ఆ పూచీ నిర్వాహకుడి మంచితనమే.

స్థలాల విషయంలో ఈ ప్రాంతానికే ప్రత్యేకమైన చట్టం ఒకటుంది. కోరాపుట్, రాయగడ, నవరంగపూర్, మల్కన్‌గిరి జిల్లాలు పూర్తిగా షెడ్యూల్డు ప్రాంతాలు. గజపతి జిల్లాలోనూ కొన్ని భాగాలు అంతే. 1956 నాటి రెండో రెగ్యులేషన్, 2002 సవరణ తర్వాత, అక్కడ ఆదివాసీల భూమిని ఆదివాసేతరులకు బదలాయించడాన్ని పూర్తిగా నిషేధించింది. వేరేవాళ్ల పేరు మీద కొనిపించినా, కాగితం మీద లీజని రాసుకున్నా నిలవదు, భూమి తిరిగి ఇప్పించే అధికారం రెవెన్యూ అధికారులకుంది. ఆ భూమి మీద కన్నేయడం డబ్బు దాచుకునే మార్గం కాదు, ఆ కుటుంబానికి చేసే అన్యాయం. రాయగడ, జయపురం చుట్టుపక్కల చౌకగా ప్లాటు వస్తోందంటే పాత పట్టాదారు ఎవరో వెనక్కి వెనక్కి వెళ్లి చూడాల్సిందే.

దాచినదంతా చివరికి ఇంట్లోవాళ్ల చేతికి రావాలంటే పేర్లు కుదరాలి. ఇంటిపేరు ముందుండటం తెలుగు అలవాటు. ఇక్కడి కాగితాల్లో అది చివరికి జరుగుతుంది, ఒక్కోచోట పొడి అక్షరమవుతుంది, ఇంకోచోట మాయమవుతుంది. ఆధార్‌లో ఒకలా, పాసుబుక్కులో ఒకలా ఉంటే మనిషి బతికున్నంత కాలం ఎవరూ పట్టించుకోరు, పోయాక భార్య ఆ రెండు పేర్లూ ఒకరివేనని అఫిడవిట్లు పట్టుకుని తిరగాలి. ఖాతాదారు ఉండగానే సరిచేయించుకోవడానికి పట్టేది ఒకటి రెండు రోజుల పని. 2025 నవంబరు 1 నుంచి బ్యాంకు ఖాతాకు నలుగురు నామినీల దాకా, ఎవరికెంత వాటాయో రాసి మరీ పెట్టవచ్చు. పదేళ్లు ఎవరూ అడగని డిపాజిట్టు రిజర్వు బ్యాంకు నిధికి పోతుంది, వారసులు తర్వాతైనా అడిగి తెచ్చుకోవచ్చు. చనిపోయిన పెద్దల పేరు మీద ఏ బ్యాంకులో ఏముందో 2023లో మొదలైన ఉద్గమ్ పోర్టల్‌లో వెతకవచ్చు, అన్ని రకాల స్పెల్లింగులతోనూ వెతకాలి. పోస్టాఫీసు ఖాతాలు అందులో కనిపించవు. వాటికోసం పాత పాసుబుక్కు పట్టుకుని ఆ పోస్టాఫీసుకే వెళ్లి అడగాలి.